హాల్స్ క్రీక్ షైర్ నుంచి రాజ్యాంగ పీఠిక దాకా: జోసీ ఫారర్ రాజకీయ జీవితం

పశ్చిమ ఆస్ట్రేలియా పార్లమెంటు 2015లో తన 1889 నాటి రాజ్యాంగ చట్టపు పీఠికలో ఒక వాక్యం చేర్చింది. అబొరిజినల్ ప్రజలే రాష్ట్రపు తొలి ప్రజలనీ, ఆ నేలకు సంప్రదాయ సంరక్షకులనీ గుర్తిస్తున్నామనీ, వారితో సయోధ్య కోరుకుంటున్నామనీ ఆ వాక్యం చెబుతుంది. బిల్లు తెచ్చింది ప్రభుత్వం కాదు. ప్రతిపక్షంలో ఉన్న లేబర్ పార్టీ సభ్యురాలు జోసీ ఫారర్ సొంత బిల్లుగా ప్రవేశపెట్టగా, పాలకపక్షం కూడా ఒప్పుకుని గెలిపించింది. ప్రతిపక్ష సభ్యులు సొంతంగా తెచ్చే బిల్లులు ఏ చట్టసభలోనైనా అరుదుగానే గట్టెక్కుతాయి కాబట్టి, ఇది ఆమె జీవితంలో పెద్ద విజయంగానే నమోదైంది. అయితే సరిగ్గా అదే కాలంలో అదే ప్రభుత్వం, మారుమూల ఉన్న వందకు పైగా అబొరిజినల్ పల్లెలను మూసివేయవలసి రావచ్చునని ప్రకటించి ఉంది. ఒక చేత్తో గౌరవిస్తూ మరో చేత్తో నల్లా కట్టేస్తామన్న ఈ వైరుధ్యం ఎలా సాధ్యమైంది? దీనికి సమాధానం ఫారర్ ప్రసంగాలలో కంటే ఆమె ఎదిగివచ్చిన స్థానిక పాలనలో, అక్కడ ఎన్నటికీ తెగని ఒక ప్రశ్నలో దొరుకుతుంది. ఫలానా పని ఏ ప్రభుత్వానిది, దానికి డబ్బు ఎవరివ్వాలి అన్నదే ఆ ప్రశ్న.

ఫారర్ గిజా జాతికి చెందిన మహిళ. శాసనసభకు రాకముందు హాల్స్ క్రీక్ షైర్ కౌన్సిల్‌లో సభ్యురాలిగా, అధ్యక్షురాలిగా పనిచేశారు. షైర్ అంటే గ్రామీణ ప్రాంతపు స్థానిక సంస్థ. హాల్స్ క్రీక్ కింబర్లీ ప్రాంతపు తూర్పు భాగంలో, రాజధాని పెర్త్‌కు రోడ్డు మీద 2,800 కిలోమీటర్లకు పైగా దూరంలో ఉంది. 1885లో ఆ చుట్టుపక్కల బంగారం బయటపడింది. రాష్ట్రంలో గిట్టుబాటుగా తవ్వగలిగిన బంగారం దొరకడం అదే మొదలు. తవ్వకందార్లు కొద్ది ఏళ్లలోనే వెళ్లిపోయారు. పశువుల ఆసాములు మాత్రం గిజా, జారు ప్రజల భూముల మీద స్థిరపడ్డారు. షైర్ విస్తీర్ణం 1,30,000 చదరపు కిలోమీటర్లకు పైగా, అంటే మొత్తం తెలంగాణ కంటే పెద్దది. జనాభా మాత్రం నాలుగు వేల లోపే, వారిలో మూడొంతులకు పైగా అబొరిజినల్ ప్రజలు.

ఇంత నేలకు అధ్యక్షురాలు అంటే చాలా అధికారం చెలాయించవచ్చునని అనిపిస్తుంది. నిజానికి ఆ కుర్చీకి ఉన్న అధికారం చాలా తక్కువ. పోలీసులు, బడులు, ఆసుపత్రులు, ప్రభుత్వ గృహాలు, నీరు, కరెంటు ఇవన్నీ రాష్ట్రం చేతిలో ఉంటాయి. నిరుద్యోగ భృతి, పింఛన్లు కేంద్రం చేతిలో ఉంటాయి. షైర్‌కు మిగిలేవి రోడ్లు, చెత్త సేకరణ, విమానాశ్రయం, ఈతకొలను, కుక్కల నియంత్రణ, యువజన కార్యక్రమాల వంటివి. హాల్స్ క్రీక్ నుంచి ఎడారి దాటి ఆలిస్ స్ప్రింగ్స్ వైపు పోయే తనామి రోడ్డే తీసుకుంటే, రాష్ట్ర సరిహద్దు దాకా మూడు వందల కిలోమీటర్లకు పైగా ఉన్న ఆ మట్టి రోడ్డును చూసుకోవలసిన బాధ్యత ఈ చిన్న షైర్ మీదే పడింది. బిల్లిలూనా, ములాన్, బాల్గో వంటి అబొరిజినల్ పల్లెలకు దారి అదే. వానాకాలంలో అది తెగిపోతే సరుకుల లారీ ఆగిపోతుంది, డయాలసిస్‌కు వెళ్లవలసిన మనిషి ఆగిపోతాడు. ఆ రోడ్డు బాగుచేయడానికి కావలసిన సొమ్ము ఇంటిపన్నుల రూపంలో ఈ కొద్దిమంది జనం నుంచి ఎన్నటికీ రాదు. కాబట్టి ఇక్కడ షైర్ అధ్యక్షుల పనిలో సగం పెర్త్‌కూ, దేశ రాజధాని కాన్‌బెర్రాకూ అర్జీలు పెట్టుకోవడమే.

పన్నుల సంగతిలో ఇంకో మెలిక ఉంది. అబొరిజినల్ పల్లెలలో చాలావరకు 1972లో ఏర్పడిన అబొరిజినల్ ల్యాండ్స్ ట్రస్టు పేరిట ఉన్న భూముల మీద ఉన్నాయి, వాటికి స్థానిక పన్ను వర్తించదు. పన్ను రాని చోట చెత్త ఎత్తడం, వీధులు బాగుచేయడం తమ బాధ్యత కాదన్నది చాలా షైర్ల వాదన. రాష్ట్రం ఆ పనులు షైర్లవంది. షైర్లు రాష్ట్రానివన్నాయి. మధ్యలో కేంద్ర ప్రభుత్వం దశాబ్దాల పాటు నిధులిచ్చి ఆ ఖాళీని పూడ్చింది. ఒకే షైర్‌లో ఓటరుగా ఉన్న వ్యక్తికి, ఊళ్లో ఉంటే చెత్తబండి వస్తుంది, నూరు కిలోమీటర్ల అవతల సొంత జాతి నేల మీద ఉంటే రాదు. మెజారిటీ ఓటర్లు అబొరిజినల్ ప్రజలే అయిన చోట ఇది సాగడం వింతగా కనిపిస్తుంది. పశ్చిమ ఆస్ట్రేలియాలో రాష్ట్ర, కేంద్ర ఎన్నికలలో ఓటు వేయడం తప్పనిసరి అయినా, స్థానిక ఎన్నికలలో ఐచ్ఛికం. పైగా ఊళ్లో ఆస్తి ఉంటే, అక్కడ కాపురం లేకపోయినా స్థానిక ఓటు ఉంటుంది. ఎక్కడో దూరాన, అద్దె గృహాలలో, తరచూ కదులుతూ బతికే జనానికి ఈ ఏర్పాటు అనుకూలం కాదు.

మన పాఠకుడికి ఇక్కడ రెండు తేడాలు చెప్పుకోవాలి. ఆంధ్రప్రదేశ్‌లోనో తెలంగాణలోనో ఒక ఎస్టీ మహిళ సర్పంచ్ కావడానికి రిజర్వేషన్ దారి ఉంది. ఆస్ట్రేలియాలో ఏ స్థాయిలోనూ అబొరిజినల్ ప్రజలకు కేటాయించిన కౌన్సిల్ స్థానం గానీ, పార్లమెంటు స్థానం గానీ లేదు. రెండవది, మన పంచాయతీలకు 73వ సవరణతో రాజ్యాంగ హోదా వచ్చింది. ఆస్ట్రేలియా జాతీయ రాజ్యాంగంలో స్థానిక సంస్థల ప్రస్తావనే లేదు. చేర్చాలని 1974లోనూ 1988లోనూ జరిగిన ప్రజాభిప్రాయ సేకరణలు ఓడిపోయాయి. షైర్ అంటే చట్టరీత్యా రాష్ట్ర ప్రభుత్వపు సృష్టి మాత్రమే.

ఇలాంటి బలహీనమైన కుర్చీ కోసం అబొరిజినల్ నాయకులు ఎందుకు పోటీపడ్డారో అర్థం కావాలంటే ఆ ఊరి జనాభా ఎలా పోగైందో చూడాలి. హాల్స్ క్రీక్‌కు దగ్గరలో మూలా బుల్లా అనే పశుక్షేత్రం ఉంది. తమ పశువులను అబొరిజినల్ ప్రజలు చంపుతున్నారన్న ఆసాముల ఫిర్యాదులను తగ్గించడానికి 1910లో ప్రభుత్వమే దానిని అబొరిజినల్ ప్రజల కోసం నెలకొల్పింది. ఎన్నో కుటుంబాల నుంచి వేరు చేసిన పిల్లలను కూడా అక్కడికే తెచ్చి పెట్టింది. అలా తేవడానికి వీలు కల్పించినది 1905 నాటి అబొరిజినీస్ చట్టం. 16 ఏళ్ల లోపు అబొరిజినల్ పిల్లలకు ప్రభుత్వ ప్రధాన సంరక్షకుడే చట్టబద్ధ సంరక్షకుడని అది ప్రకటించింది. 1955లో ప్రభుత్వం ఆ క్షేత్రాన్ని ప్రైవేటు ఆసామికి అమ్మేసింది. అక్కడే పుట్టి పెరిగిన వాళ్లను ట్రక్కులెక్కించి ఫిట్జ్‌రాయ్ క్రాసింగ్ అనే మరో కింబర్లీ ఊరి వైపు తరలించారు. తర్వాత 1968 చివరలో పశుక్షేత్రాలలో పనిచేసే అబొరిజినల్ కూలీలకు సమాన వేతనం అమలులోకి వచ్చింది. న్యాయమైన ఆ మార్పును ఆసాములు కూలీలను వదిలించుకునే అవకాశంగా మార్చుకున్నారు. తరతరాలుగా తమ నేల మీదే ఉంటూ పశువులను కాసిన కుటుంబాలు ఊరి అంచుల్లో రేకుల గుడిసెలలోకి వచ్చి చేరాయి. ఊళ్లోని మద్యం, నిరుద్యోగం, ఇరుకు ఇళ్ల గురించి పత్రికలు రాసేటప్పుడు ఈ రెండు తేదీలనూ వదిలేస్తుంటాయి. వాటిని వదిలేస్తే ఆ సమస్యలన్నీ ఆ మనుషుల స్వభావంలాగే కనిపిస్తాయి.

ఓటు హక్కు కూడా ఆలస్యంగానే వచ్చింది. 1962లో నమోదు చేసుకునే హక్కు ఇచ్చారు గానీ, తప్పనిసరి చేయలేదు. అందరితో సమానంగా తప్పనిసరి నమోదు 1980ల మొదట్లోనే వచ్చింది. ఈలోగా 1977లో కింబర్లీ శాసనసభ స్థానంలో జరిగిన సంగతి ఆ ప్రాంత రాజకీయాలకు మలుపు. హాల్స్ క్రీక్‌కే చెందిన, ఆ షైర్‌కు అధ్యక్షుడిగా చేసిన ఎర్నీ బ్రిడ్జ్ లేబర్ తరఫున నిలబడ్డాడు. చదవడం, రాయడం రాని అబొరిజినల్ ఓటర్లను పోలింగ్ బూత్‌లలో ప్రశ్నలతో అడ్డుకోవడానికి ప్రత్యర్థి లిబరల్ పార్టీ పెర్త్ నుంచి లాయర్లను విమానంలో పంపింది. ఎంతో మంది ఓటు వేయకుండానే తిరిగి వెళ్లారు. ఎన్నికల వివాదాల న్యాయస్థానం ఆ ఎన్నికను కొట్టివేసింది. ఉపఎన్నికలోనూ బ్రిడ్జ్ ఓడినా 1980లో గెలిచాడు. పశ్చిమ ఆస్ట్రేలియా పార్లమెంటులో అడుగుపెట్టిన తొలి అబొరిజినల్ వ్యక్తి ఆయనే. 1986లో దేశంలోనే తొలి అబొరిజినల్ మంత్రి కూడా అయ్యాడు. 2001లో అదే స్థానం నుంచి కరోల్ మార్టిన్ గెలిచి, ఆస్ట్రేలియాలోని ఏ చట్టసభకైనా ఎన్నికైన తొలి అబొరిజినల్ మహిళగా నిలిచారు. 2013లో ఆమె స్థానంలోకి ఫారర్ వచ్చారు. రిజర్వేషన్ లేకుండానే 1980 నుంచి నేటివరకు ఆ స్థానం అబొరిజినల్ ప్రతినిధుల చేతిలోనే ఉంది. బ్రిడ్జ్, ఫారర్ ఇద్దరూ హాల్స్ క్రీక్ షైర్ మెట్టు మీదుగా ఎక్కి వచ్చినవారే. కాబట్టి ఆ బలహీనమైన కుర్చీ ఓటర్లకు ముఖపరిచయం చేసే బడిలా పనిచేసిందని నా అభిప్రాయం. పక్క పల్లెకు రోడ్డు చదును చేసే గ్రేడర్ బండి పంపించలేకపోయిన అధ్యక్షురాలు కూడా, ఎవరి సంతకం లేక అది ఆగిపోయిందో నేర్చుకుంటుంది.

షైర్ అధికారం ఎక్కడ ఆగుతుందో మద్యం విషయంలో స్పష్టంగా కనిపిస్తుంది. 2007 అక్టోబరులో ఫిట్జ్‌రాయ్ క్రాసింగ్‌లో, బునుబా నాయకురాలు జూన్ ఆస్కర్, ఎమిలీ కార్టర్ తదితర మహిళల ఒత్తిడితో, ఇంటికి పట్టుకెళ్లే మద్యంలో 2.7 శాతానికి మించి ఆల్కహాల్ ఉన్న సరుకు అమ్మకాన్ని రాష్ట్ర లైసెన్సింగ్ అధికారి నిషేధించాడు. తర్వాతి ఏడాది కరోనర్ (మరణాల కారణాలపై విచారణ జరిపే అధికారి) అలస్టేర్ హోప్ కింబర్లీలోని 22 మరణాల మీద ఇచ్చిన నివేదిక, మద్యానికీ ఆత్మహత్యలకూ ఉన్న సంబంధాన్ని గట్టిగా ఎత్తి చూపింది. 2009 మేలో హాల్స్ క్రీక్‌లో కూడా అదే ఆంక్ష వచ్చింది. ఇక్కడ గమనించవలసింది నిర్ణయం తీసుకున్నది ఎవరన్నది. ఎన్నికైన కౌన్సిల్‌కు దుకాణం మూయించే అధికారం లేదు. అర్జీ పెట్టుకోవచ్చు, సాక్ష్యం చెప్పవచ్చు, పోలీసు నివేదికలు జతచేయవచ్చు. ఆంక్షను వ్యతిరేకించిన వాళ్లలో వ్యాపారులే కాక, పక్క ఊళ్లకు వెళ్లి తాగి వచ్చేవారి వల్ల రోడ్డు మీద ప్రమాదాలు పెరుగుతాయని భయపడిన అబొరిజినల్ పెద్దలు కూడా ఉన్నారు. ఇటువంటి చోట స్త్రీల ఉద్యమం, కౌన్సిల్ రాజకీయం ఒకదానినొకటి మోస్తాయి. జూన్ ఆస్కర్ ఎన్నికల దారి పట్టకుండానే 2017లో జాతీయ అబొరిజినల్ సామాజిక న్యాయ కమిషనర్ అయ్యారు. ఫారర్ ఎన్నికల దారి పట్టారు. రెండూ అవసరమైన దారులే, ఏది గొప్పది అని తూచడం అనవసరం.

2013 ఎన్నికలో ఆమె గెలుపు సులువుగా రాలేదు. బ్రూమ్ దగ్గర జేమ్స్ ప్రైస్ పాయింట్‌లో భారీ గ్యాస్ కేంద్రం పెట్టాలన్న ప్రతిపాదన అబొరిజినల్ సమాజాన్నే రెండుగా చీల్చింది. ఉద్యోగాలు, పరిహారం వస్తాయని కొందరు ఒప్పుకున్నారు, పవిత్ర స్థలాలు పోతాయని కొందరు ఎదిరించారు. లేబర్, లిబరల్, నేషనల్, గ్రీన్స్ నాలుగు పార్టీల మధ్య ఓట్లు చెల్లాచెదురయ్యాయి. ప్రాధాన్య ఓట్ల లెక్కింపు తర్వాత ఫారర్ నెగ్గారు. ఎన్నిక ముగిసిన నెలకే వుడ్‌సైడ్ కంపెనీ ఆ తీరప్రణాళికను వదులుకుంది. బయటి నుంచి చూసేవారు అబొరిజినల్ ఓటును ఒకే ముద్దగా ఊహిస్తారు. నేల మీద ఉన్న నిజం అలా ఉండదని ఈ ఎన్నిక చెబుతుంది.

రాజ్యాంగ పీఠిక బిల్లుకు వద్దాం. 1889 చట్టంతో గుర్తింపు ప్రశ్నకు ఒక చేదు గతం ఉంది. స్వపరిపాలన ఇచ్చేముందు, వలసదారుల చేతికి పగ్గాలిస్తే అబొరిజినల్ ప్రజల గతి ఏమవుతుందోనన్న అనుమానం లండన్‌కు ఉండేది. ఉత్తరాదిలో పశుక్షేత్రాలలోనూ ముత్యాల వేటలోనూ వెట్టిచాకిరీ గురించి అప్పటికే ఫిర్యాదులు వెళ్లాయి. అందుకే ఆ చట్టంలో 70వ సెక్షన్ పెట్టారు. అబొరిజినల్ ప్రజల సంక్షేమానికి ఏటా 5,000 పౌండ్లు, ఆ వలసరాజ్యపు ఆదాయం 5 లక్షల పౌండ్లు దాటాక అందులో 1 శాతం కేటాయించాలి. ఆ డబ్బును ఖర్చు చేసే బోర్డు స్థానిక మంత్రులకు కాక గవర్నర్‌కు జవాబుదారీ. మూడు నాలుగేళ్లలోనే కూల్‌గార్డీ, కాల్గూర్లీలలో బంగారం బయటపడి ఖజానా ఉప్పొంగింది. శాతం లెక్క కట్టేసరికి స్థానిక పాలకులకు కళ్లు తిరిగాయి. ఆ వలసరాజ్యపు ప్రధాని (ప్రీమియర్) జాన్ ఫారెస్ట్ ప్రభుత్వం పట్టుబట్టి 1897లో ఆ సెక్షన్‌ను రద్దు చేయించింది. రద్దు చేసిన పద్ధతిలో లోపముందన్న అనుమానంతో 1905లో మళ్లీ రద్దు చేశారు. ఆ రద్దే చెల్లదంటూ అబొరిజినల్ ప్రజలు వేసిన దావాను, అక్కడి అత్యున్నత న్యాయస్థానమైన హైకోర్టు 2001లో కొట్టివేసింది. అంటే 2015లో పీఠికలో మర్యాదగా చేర్చిన వాక్యం కంటే, 1889లో అదే చట్టంలో ఉన్న హామీ బలమైనది. 1889 హామీలో అంకెలు ఉన్నాయి, 2015 వాక్యంలో సద్భావం ఉంది.

పీఠికలోని వాక్యం దానంతటదే కోర్టులో అమలు చేయించుకోదగ్గ హక్కు ఇవ్వదు. విక్టోరియా 2004లో, క్వీన్స్‌లాండ్, న్యూ సౌత్ వేల్స్ 2010లో, దక్షిణ ఆస్ట్రేలియా 2013లో ఇటువంటి గుర్తింపు ఇచ్చినప్పుడు, దీనివల్ల చట్టపరమైన హక్కులేవీ రావన్న హెచ్చరికను కూడా పక్కనే చేర్చుకున్న రాష్ట్రాలున్నాయి. కాబట్టి ఫారర్ సాధించింది ఏమీ కాదని తేల్చేయవచ్చా? నేను అలా అనుకోను. పార్లమెంటు కమిటీ విచారణ సందర్భంగా 70వ సెక్షన్ చరిత్ర రాష్ట్ర పత్రాలలోకి మళ్లీ ఎక్కింది. మూడు ప్రధాన పార్టీలు ఒకే మాట మీదకు రావలసి వచ్చింది. పీఠికలో తొలి ప్రజలు అని రాసుకున్న రాష్ట్రం, వాళ్ల పల్లెలను మూయడానికి మునుపటి కంటే ఎక్కువ సంజాయిషీ చెప్పుకోవాలి. విమర్శకుల మాట కూడా వృథా కాదు. భూమి, నీరు, ఇల్లు లేని గౌరవ వాక్యం ప్రభుత్వాలకు చౌకగా దొరికే మంచిపేరు అని వాళ్లంటారు.

పల్లెల మూసివేత గొడవ ఆ మాటకే సాక్ష్యం. విందామ్ పట్టణానికి వాయవ్యాన ఉన్న కింబర్లీ పల్లె ఊంబుల్గురిని రాష్ట్రం 2011లో ఖాళీ చేయించి, 2014లో ఇళ్లు కూలగొట్టింది. అదే ఏడాది కేంద్రం, మారుమూల పల్లెల పురపాలక సేవలకు తాను ఇస్తున్న నిధులను ఆపేస్తూ, రాష్ట్రానికి ఒక్కసారిగా 9 కోట్ల డాలర్లు ఇచ్చి చేతులు దులుపుకుంది. రాష్ట్ర ప్రధాని (మన ముఖ్యమంత్రి వంటి ప్రీమియర్) కోలిన్ బార్నెట్ 274 పల్లెలలో 100 నుంచి 150 వరకు మూతపడవచ్చునని నవంబరులో ప్రకటించాడు. 2015 మార్చిలో దేశ ప్రధానమంత్రి టోనీ అబాట్, ఇలాంటి చోట్ల బతకడం ఒక జీవనశైలి ఎంపిక అనీ, దానికి పన్ను చెల్లింపుదారులు ఖర్చు భరించలేరనీ అన్నాడు. సొంత జాతి నేల మీద ఉండటాన్ని ఎంపిక అనడం చాలామందిని మండించింది. నగరాలలో వేలాదిమంది వీధుల్లోకి వచ్చారు. పన్ను కట్టని పల్లె చెత్త ఎవరిదన్న పాత షైర్ తగాదా ఈసారి ఢిల్లీ స్థాయి గొడవలా దేశమంతా వినిపించింది. కింబర్లీ ప్రతినిధిగా ఫారర్‌కు అది కొత్త తగాదా కాదు.

అదే సభలో ఆమె బిల్లుకు బార్నెట్ ప్రభుత్వం మద్దతిచ్చింది. దీనిని కేవలం కపటమని కొట్టివేస్తే అసలు యంత్రాంగం కనబడదు. గుర్తింపు అనేది పార్లమెంటు పని, అది ఏ శాఖ బడ్జెట్‌లోనూ నమోదు కాదు. నీటి పంపు నడపడం ఒక శాఖ బడ్జెట్‌లో నమోదు అవుతుంది, కాబట్టి దానిని తప్పించుకునే అవకాశం ఉంటే ప్రతి స్థాయి వారూ ప్రయత్నిస్తారు. వీటిని ఎవరూ ఒకే బల్ల మీద పెట్టి మాట్లాడరు. 1990 నుంచి 2005 దాకా ఉన్న ఆట్సిక్ అనే ఎన్నికైన జాతీయ సంస్థ, దాని ప్రాంతీయ మండళ్లు కొంతవరకు ఆ బల్లగా పనిచేశాయి, వాటిని కేంద్రం రద్దు చేసింది. మళ్లీ అలాంటి గొంతును ఈసారి రాజ్యాంగంలో పెడదామని 2023 అక్టోబరు 14న ప్రజాభిప్రాయం అడిగారు. 60 శాతం ఓటర్లు వద్దన్నారు, ఒక్క రాష్ట్రం కూడా ఆమోదించలేదు. 1967లో అబొరిజినల్ ప్రజల విషయమై జరిగిన ప్రజాభిప్రాయ సేకరణలో 90 శాతానికి పైగా అవునన్న దేశమే అది.

ఫారర్ 2021లో పదవి నుంచి తప్పుకున్నారు. ఆమె ఉన్న కాలంలోనే, 2019 ఫిబ్రవరిలో, కింబర్లీలో 13 మంది పిల్లలు, యువకుల మరణాల మీద కరోనర్ మరో నివేదిక ఇచ్చారు. హోప్ నివేదిక వచ్చి పదేళ్లు దాటినా, ఇరుకు ఇళ్లు, మద్యం, ఆత్మహత్యలు అక్కడే ఉన్నాయి. ఆమె స్థానంలోకి లేబర్ పార్టీకే చెందిన దివీనా డి'ఆన్నా వచ్చారు. హాల్స్ క్రీక్ షైర్ మాత్రం ఒక కొత్త పని ఎత్తుకుంది. పిల్లలను జైళ్లకు పంపే ఖర్చులో కొంత ముందే వాళ్ల మీద పెట్టాలన్న ఆలోచనతో, ఓలబుడ్ డూగెతు అనే పథకానికి అది ఆశ్రయమిచ్చింది. రాత్రిపూట వీధుల్లో తిరిగే పిల్లలను ఇళ్లకు చేర్చడం, పెద్దల నిర్ణయాలతో యువజన కార్యక్రమాలు నడపడం దానిలో భాగాలు. రాష్ట్రంలో అటువంటి పథకం అదే మొదటిది. శాంతిభద్రతలు షైర్ చట్టబద్ధ బాధ్యత కాదు, అయినా అది ఆ పని నెత్తినేసుకుంది. తనామి రోడ్డును తారు రోడ్డుగా మార్చడానికి అవసరమైన కోట్ల డాలర్ల కోసం పెర్త్‌కూ కాన్‌బెర్రాకూ షైర్ అర్జీలు పెట్టుకుంటూ వచ్చిన ఏళ్లూ ఇవే.